చిత్రాల దస్తూరి చదివిన వైద్యుడు
జొవాన్ని మొరెల్లి జీవితం

పరీక్ష పేపర్ల మీద పేరు వుండదు, నెంబరు మాత్రమే వుంటుంది. అయినా ఏడాది పొడుగునా మన రికార్డులు దిద్దిన లెక్చరరు గారికి ఆ దస్తూరి ఎవరిదో తెలిసిపోతూనే వుంటుంది. దస్తూరి మార్చి రాయాలనుకున్నవాడు పెద్ద అక్షరాల దగ్గర జాగ్రత్త పడతాడు. కాని సున్న చుట్టే తీరులోనో, కొమ్ము విరిచే చోటో, వత్తు తగిలించే పద్ధతిలోనో దొరికిపోతాడు. ధ్యాస లేని చోట చెయ్యి తన అలవాటును బయటపెడుతుంది.

అందరికీ తెలిసిన ఈ చిన్న సంగతిని పట్టుకొని, మూడు నాలుగు వందల ఏళ్ళనాటి చిత్రాలను ఎవరు గీశారో తేల్చే పద్ధతిని తయారుచేసినవాడు జొవాన్ని మొరెల్లి. ఆయన చదివింది వైద్యం, చేసింది రాజకీయం, పేరు తెచ్చుకున్నది చిత్రపరీక్షలో. ఐరోపాలోని పెద్ద పెద్ద చిత్రశాలల్లో ఎన్నో బొమ్మల కింద వున్న పేర్లు ఆయన మాట మీద మారాయంటే అతిశయోక్తి కాదు.

పేరుపలకల గొడవ

ముందు అసలు సమస్య ఏమిటో చూద్దాం. ఇటలీలో 15, 16 శతాబ్దాల చిత్రకారులు అన్ని బొమ్మల మీదా సంతకాలు చెయ్యలేదు. పెద్ద చిత్రకారుడంటే ఒంటరి మనిషి కాదు, ఒక కార్ఖానా. గురువు ముఖాలు వేస్తే శిష్యులు బట్టలు వేసేవారు, వెనక కొండలు వేసేవారు. బాగా పేరొచ్చిన చిత్రానికి నకళ్ళు తీసేవారు. ఆ తరువాత కుటుంబాలు చితికిపోయి బొమ్మలు అమ్ముడుపోయాయి. అమ్మేవాడు ఎప్పుడూ పెద్ద పేరే చెపుతాడు గదా! కొన్న రాజుగారు ఆ పేరే పలక మీద రాయించాడు. రాజుగారి సంగ్రహం పోను పోను మ్యూజియం అయింది. పలక మాత్రం అట్లాగే వుండిపోయింది.

ఇది పండితుల గొడవ మాత్రమే కాదు. పేరు మారితే ధర మారుతుంది. ఒక చిత్రకారుడి పేరు మీద పది దొంగ బొమ్మలు చేరితే ఆయన ఎట్లాంటి వాడో మనకెప్పటికీ తెలియదు. మన సాహిత్యంలో క్రీడాభిరామం వల్లభరాయుడిదా, శ్రీనాథుడిదా అని ఎంత వాదం జరిగిందో తెలుగు చదివిన విద్యార్థులకు తెలుసు. కర్తృత్వం తేలకుండా కవి తేలడు. చిత్రకారుడి సంగతీ అంతే.

వైద్యం చదివిన కుర్రవాడు

మొరెల్లి 1816 ఫిబ్రవరి 25న ఉత్తర ఇటలీలోని వెరోనా నగరంలో పుట్టాడు. చిన్నతనంలోనే తండ్రి పోయాడు. తల్లి ఆయన్ని తీసుకొని బెర్గామోకు వచ్చేసింది. జీవితాంతం ఆయన తన ఊరు అనుకున్నది దాన్నే. వాళ్ళది ప్రొటెస్టెంట్ కుటుంబం. కాథలిక్కు దేశంలో అది అల్పసంఖ్యాక వర్గం. అందుకని చదువుకు స్విట్జర్లాండులోని ఆరావుకు పంపారు. అక్కడ జర్మన్ భాష ఆయనకు రెండో మాతృభాష అయింది. ఈ ఒక్క సంగతి తరువాత ఎంత అక్కరకొచ్చిందో ముందు ముందు చూస్తాం.

అక్కణ్ణించి మ్యూనిక్ వెళ్ళి వైద్యంలో చేరాడు. ఇగ్నాజ్ డోలింజర్ అనే శరీరశాస్త్ర ఆచార్యుడు ఆయనకు గురువు. ఒక జంతువు ఎముకను మరొక జంతువు ఎముక పక్కన పెట్టి, ఎక్కడ కలుస్తుందో ఎక్కడ విడిపోతుందో చూసి జాతి నిర్ణయించే విద్య అక్కడ నేర్చుకున్నాడు. తరువాత ఎర్లాంగెన్‌లో చదివాడు. స్విట్జర్లాండు హిమానీనదాలను పరిశోధిస్తున్న లూయి అగాసీతో స్నేహం కలిసింది. బెర్లిన్, పారిస్ తిరిగాడు. చిత్రశాలలు చూశాడు. చిత్రకారులతో, కవులతో కూర్చున్నాడు. విద్యార్థి దశలోనే మారుపేరుతో ఒక వ్యంగ్య రచన అచ్చు వేయించాడు. మారుపేరు సరదా అప్పటినుంచీ వున్నదే!

పట్టా చేతికొచ్చింది గాని వైద్యవృత్తి మాత్రం ఎన్నడూ చెయ్యలేదు. ఇంటి ఆస్తి కొంత వుంది కనుక గడిచిపోయింది. 1840 ప్రాంతంలో ఫ్లారెన్సు చేరి, అక్కడి దేశభక్తుల బృందంలో కలిశాడు. ఆ రోజుల్లో ఇటలీ అనేది ఒక దేశం కాదు. లొంబార్డీ, వెనిస్ ప్రాంతాలు ఆస్ట్రియా ఏలుబడిలో వుండేవి. మిగతాది ముక్కలు ముక్కలుగా వుండేది.

కత్తి, కలం

1848లో మిలాన్ ప్రజలు ఆస్ట్రియా మీద తిరగబడ్డారు. ముప్పై రెండేళ్ళ మొరెల్లి స్వచ్ఛంద దళంలో చేరాడు. లొంబార్డీ తాత్కాలిక ప్రభుత్వం ఆయన జర్మన్ భాషాజ్ఞానాన్ని చూసి, ఫ్రాంక్‌ఫర్ట్‌లో జర్మన్ల జాతీయసభ దగ్గరికి ప్రతినిధిగా పంపింది. ఇటాలియన్ల కోరిక న్యాయమైనదని జర్మన్ భాషలోనే ఒక కరపత్రం రాసి అక్కడివాళ్ళకు చెప్పి చూశాడు. ఫలితం లేకపోయింది. తిరుగుబాటు అణిగిపోయింది. పన్నెండేళ్ళు ఓపిక పట్టాల్సి వచ్చింది.

1861లో ఐక్య ఇటలీ ఏర్పడ్డప్పుడు బెర్గామో ప్రజలు ఆయన్ని పార్లమెంటుకు పంపారు. 1873లో సెనేటరు అయ్యాడు. పెద్ద ఉపన్యాసకుడేమీ కాదు. కాని ఒక్క విషయంలో మాత్రం పట్టు విడవలేదు. దేశమైతే వచ్చింది గాని, దేశపు సొత్తు పడవలెక్కి పోతున్నది. మఠాలు మూతపడుతున్నాయి. వాటి గోడలమీది బొమ్మలు దిక్కులేనివి అయిపోతున్నాయి. లండన్, బెర్లిన్, పారిస్ మ్యూజియంల మనుషులు సంచులు పట్టుకొని తిరుగుతున్నారు. ప్రజాసంస్థల్లో, మతసంస్థల్లో వున్న కళాఖండాలు అమ్మకుండా ఆపాలనీ, ముందు వాటి జాబితా తయారుచెయ్యాలనీ ఆయన వాదించాడు.

కంచర గాడిద దారుల్లో

ప్రభుత్వం ఆ పని ఆయనకే అప్పగించింది. తోడుగా జొవాన్ని బత్తిస్తా కవల్కసెల్లెను ఇచ్చింది. కవల్కసెల్లె కూడా 1848 నాటి తిరుగుబాటుదారే. లండన్‌లో ప్రవాసం గడిపి, అక్కడి క్రో అనే మిత్రుడితో కలిసి ఇటలీ చిత్రకళా చరిత్ర రాస్తున్నవాడు. ఇద్దరూ 1861లో ఉంబ్రియా, మార్కె ప్రాంతాల కొండ ఊళ్ళన్నీ తిరిగారు. చర్చి తరువాత చర్చి, మఠం తరువాత మఠం. చీకటి గదుల్లో మసిబారిన పలకలు దించి చూడటం, ఎవరిదో ఊహించటం, విలువ కట్టటం, రాసుకోవటం. అప్పటికి ఫోటోలు చేతికందే వస్తువులు కావు. కవల్కసెల్లె ప్రతి బొమ్మకూ చిన్న నకలు గీసి, పక్కనే రంగులు, రిపేర్ల గురించి టిప్పణి రాసేవాడు. మొరెల్లి మాత్రం అవయవాల ఆకారాలను మనసులో భద్రపరచుకున్నాడు.

ఇద్దరు దిట్టలు ఒకే బొమ్మ ముందు నిలబడి రెండు పేర్లు చెప్పినప్పుడు, ఎవరిది నిజమో తేల్చే గీటురాయి ఏది? కంసాలికి గీటురాయి వుంది. చిత్రపరీక్షకుడికి మాత్రం నాకట్లా తోస్తున్నది అన్న మాట తప్ప మరొకటి లేదు. ఈ లోటు తీర్చటమే మొరెల్లి తరువాతి జీవితానికి పని అయింది. అన్నట్టు ఈ ఇద్దరు ప్రయాణికుల స్నేహం నిలవలేదు. తరువాత రాతల్లో మొరెల్లి పాత సహచరుణ్ణి గట్టిగానే ఎత్తిపొడిచాడు.

ఒక చేత్తో ఆపి, మరో చేత్తో పంపి

ఇక్కడ ఆయన జీవితంలో ఒక వైరుధ్యాన్ని దాచకుండా చెప్పుకోవాలి. దేశసంపద పోతున్నదని బాధపడ్డ ఈ మనిషే, విదేశీ మిత్రులకు ఏ బొమ్మ కొనుక్కోవచ్చో సలహా చెప్పేవాడు. లండన్ నేషనల్ గాలరీ మొదటి డైరెక్టరు చార్లెస్ ఈస్ట్‌లేక్ ఆయనకు మిత్రుడు. నిమ్రూద్, నినెవె తవ్వకాలతో పేరు పొందిన ఆస్టిన్ హెన్రీ లేయార్డ్ ఇంకా దగ్గరి మిత్రుడు. లేయార్డ్ కూడబెట్టిన చిత్రసంపద వెనక మొరెల్లి కన్ను వుంది. ఆ చిత్రాల్లో ఎన్నో ఇప్పుడు లండన్‌లోనే వున్నాయి. మొరోని అనే చిత్రకారుడు వేసిన ప్రసిద్ధమైన దర్జీవాడి బొమ్మ సాక్షాత్తూ బెర్గామో నుంచే 1862లో లండన్ చేరింది. ఆ కాలపు ప్రవాహం అంత బలమైనది.

చర్చిల సొత్తు, ప్రజల సొత్తు కదలకూడదు, ఇళ్ళల్లోని బొమ్మ మాత్రం యజమాని ఇష్టం అని ఆయన సమాధానపడి వుండవచ్చు. చీకటి కొట్టులో చివికిపోయేకన్న మంచి చేతుల్లో పడటం నయం అనుకొని వుండవచ్చు. ఏమైనా ఆ మచ్చ ఆయన మీద వుంది. దేశభక్తుడు, స్నేహితుడు ఒకే మనిషిలో వున్నప్పుడు ఇద్దరికీ పడదు. చివరి రోజుల్లో ఆయన చేసిన ఒక పని ఈ బాకీని కొంత తీర్చింది. అది చివర చెప్పుకుందాం.

రష్యా నుంచి వచ్చిన పండితుడు

1874 నుంచి 1876 దాకా జర్మనీలో ఒక కళాపత్రికలో రోము నగరపు బొర్గేసె చిత్రశాల మీద వరసగా వ్యాసాలు వచ్చాయి. రచయిత ఇవాన్ లెర్మోలియెఫ్ అనే రష్యన్. జర్మన్‌లోకి అనువదించినవాడు యోహానెస్ ష్వార్ట్సె. పండితలోకం ఉలిక్కిపడింది. ఈ రష్యన్ ఎవరు? ఎప్పుడూ పేరు విన్నవాళ్ళు లేరే!

వినే వీలే లేదు. అట్లాంటి రష్యన్ లేడు. మొరెల్లి పేరులోని అక్షరాలు తారుమారు చేసి, రష్యన్ పేర్లకుండే తోక తగిలిస్తే లెర్మోలియెఫ్ అయింది. ష్వార్ట్సె అంటే జర్మన్‌లో నల్లనివాడు. మొరెల్లి ఇంటిపేరులోని మొదటి భాగానికీ ఇటాలియన్‌లో ఇంచుమించు అదే అర్థం. రచయితా, అనువాదకుడూ ఒక్కడే. అరవైకి దగ్గరపడ్డ సెనేటరు గారు విద్యార్థి దశ అల్లరి మానలేదన్నమాట.

ఆ అల్లరి వెనక ఆలోచన లేకపోలేదు. పేరున్న ఆచార్యుడు చెపితే పేరుని చూసి ఒప్పుకుంటారు. ఊరూ పేరూ లేని రష్యన్ చెపితే, వెళ్ళి బొమ్మని చూసి తేల్చుకోక తప్పదు. ఆయనకు కావలసింది అదే. 1880లో లైప్‌జిగ్‌లో అదే మారుపేరుతో పుస్తకం వచ్చింది. మ్యూనిక్, డ్రెస్డెన్, బెర్లిన్ చిత్రశాలల్లోని ఇటాలియన్ చిత్రాలను ఒక్కొక్కటే పట్టుకొని, ఏ పేరు సరైనది, ఏది కాదు అని చీల్చి చెండాడిన పుస్తకం అది.

చెవులు, గోళ్ళు

ఆయన పద్ధతి ఏమిటి? బొమ్మ ముందు నిలబడ్డవాడు ముఖం చూస్తాడు. కళ్ళల్లో భావం, పెదవి మీద నవ్వు చూస్తాడు. నకలు తీసేవాడు కూడా వాటినే జాగ్రత్తగా అనుకరిస్తాడు. శిష్యుడు గురువు దగ్గర మొదట నేర్చుకునేవీ అవే. కనుక ముఖం మోసం చెయ్యగలదు. అదే చెవి దగ్గరికి రండి. దాన్ని ఎవరూ పట్టించుకోరు. చిత్రకారుడు కూడా పట్టించుకోడు. తనకు అలవాటైన ఒక చెవిని, చూడకుండానే, పుణ్యపురుషుడికైనా పనిమనిషికైనా తగిలించేస్తాడు. చేతివేళ్ళు, గోళ్ళు, బట్టల మడతలు కూడా అంతే.

మొరెల్లి తన పుస్తకాల్లో ఒక్కొక్క చిత్రకారుడి చెవులు, చేతులు విడదీసి గీతబొమ్మలుగా అచ్చు వేయించాడు. బొత్తిచెల్లి వేళ్ళు ఎముకలు తేలి వుంటాయి, గోళ్ళు నలుచదరంగా వుంటాయి, చుట్టూ నల్లటి గీత వుంటుంది. టిషియన్ వేసిన మగవాళ్ళ చేతుల్లో బొటనవేలి మొదట్లో కండ మరీ ఉబ్బుగా వుంటుంది. పుస్తకం విప్పితే శరీరశాస్త్రం పాఠ్యగ్రంథమేమో అనిపిస్తుంది. చదివినవాళ్ళలో కొందరు నవ్వుకున్నారు. గొప్ప కళాకారుణ్ణి గోటితో కొలుస్తాడా అని కోప్పడ్డవాళ్ళూ వున్నారు.

కాని ఆయన చెప్పింది చెవి ఒక్కటే చాలని కాదు. మొదట మొత్తం బొమ్మ చూడాలి. నిలబడ్డ తీరు, కదలిక, రంగుల పొందిక చూడాలి. మనసులో ఒక పేరు మెదులుతుంది. అప్పుడు ఆ పేరు నిజమో కాదో చెవితో, చేతితో సరిచూసుకోవాలి. రోగిని చూడగానే డాక్టరు మనసులో ఒక జబ్బు పేరు మెదులుతుంది. అయినా నాడి పట్టుకుంటాడు, నాలుక చూస్తాడు. ఇదీ అట్లాంటిదే. ఇందులో అసలు గొప్పతనం ఏమిటంటే, ఆయన చూపిన గుర్తుని మీరూ నేనూ వెళ్ళి చూడవచ్చు, వుందో లేదో చెప్పవచ్చు. పండితుడి నోటిమాటగా వున్న విద్యను పదిమంది సరిచూడగల విద్యగా మార్చబోయాడు.

డ్రెస్డెన్ వీనస్

ఆయన విజయాలన్నిటిలోకీ పెద్దది డ్రెస్డెన్‌లో జరిగింది. ఆ చిత్రశాలలో బయలులో పడుకుని నిద్రపోతున్న ఒక వీనస్ చిత్రం వుంది. 1699లో కొన్నప్పుడు అది జొర్జొనెది అన్నారు. కాలక్రమాన ఆ పేరు పోయింది. మొరెల్లి చూసేనాటికి కాటలాగులో అది టిషియన్ చిత్రానికి సస్సోఫెర్రాటో అనే 17వ శతాబ్దపు చిత్రకారుడు తీసిన నకలు. అంటే పరువులేని బొమ్మ అన్నమాట.

జొర్జొనె వెనిస్‌కు చెందిన మహాచిత్రకారుడు. 1510లో, ముప్పై దాటిన కొద్ది ఏళ్ళకే, చనిపోయాడు. నిస్సందేహంగా ఆయనవి అనదగ్గ చిత్రాలు వేళ్ళమీద లెక్కపెట్టవచ్చు. అట్లాంటివాడి కళాఖండం నకలు పేరుతో మూలపడి వుందని మొరెల్లి ప్రకటించాడు. సాక్ష్యానికి ఒక పాత రాత కూడా కలిసొచ్చింది. మార్కాంతొనియో మికియెల్ అనే వెనిస్ పెద్దమనిషి 1525లో జెరోలమో మార్చెల్లో అనే ఆయన ఇంట్లో తాను చూసిన బొమ్మల సంగతి రాసుకున్నాడు. అందులో జొర్జొనె వేసిన నిద్రపోయే వీనస్ వుంది, పక్కన మన్మథుడు వున్నాడు. ప్రకృతి దృశ్యాన్నీ, మన్మథుణ్ణీ టిషియన్ పూర్తిచేశాడని కూడా వుంది.

మరి డ్రెస్డెన్ చిత్రంలో మన్మథుడేడీ? వీనస్ కాళ్ళ దగ్గర వుండేవాడు. బాగా చెడిపోయాడని 1843లో మరమ్మతు చేసినవాళ్ళు రంగుతో కప్పేశారు. 20వ శతాబ్దంలో ఆ చిత్రానికి ఎక్స్‌రే తీస్తే రంగు కింద మన్మథుడు వున్నాడు. కన్ను చెప్పింది, కాగితం చెప్పింది, కిరణం చెప్పింది. మూడూ ఒకే మాట చెప్పాయి. అందులో టిషియన్ వాటా ఎంత, జొర్జొనె వాటా ఎంత అన్న చర్చ తరువాతా నడిచింది గాని, సస్సోఫెర్రాటో నకలు అన్న మాట మళ్ళీ ఎవరూ ఎత్తలేదు.

అదే డ్రెస్డెన్‌లో మరొక చిత్రానికి ఆయన పేరు తీసేశాడు కూడా. పుస్తకం చదువుకుంటున్న మాగ్దలీన్ అనే చిన్న రాగిరేకు చిత్రం. కొరెజ్జో వేశాడని ప్రసిద్ధి. చిత్రశాలకు వచ్చినవాళ్ళందరికీ అదంటే మహా ఇష్టం. కొరెజ్జో కాలంలో ఇటాలియన్లకు రాగిరేకు మీద వేసే అలవాటు లేదనీ, ఇది తరువాతి కాలపు ఉత్తరదేశపు చెయ్యి అనీ మొరెల్లి తేల్చాడు. అందరికీ ప్రియమైన దాన్ని కాదనటానికి ధైర్యం కావాలి. పాపం ఆ బొమ్మ రెండో ప్రపంచయుద్ధంలో కనిపించకుండా పోయింది.

శత్రువులు, పొరపాట్లు

బెర్లిన్ మ్యూజియంల పెద్ద విల్‌హెల్మ్ బోడెకు ఈ రష్యన్ వేషం, ఈ చెవుల గొడవ ఒంటికి సరిపడలేదు. బోడె అనుభవజ్ఞుడు, దీక్ష వున్నవాడు. బెర్లిన్ చిత్రశాలను ఐరోపాలో ముందువరసకు తెచ్చినవాడు. ఇద్దరి మధ్యా సాగిన కలహం చివరిదాకా చల్లారలేదు. మొరెల్లి కలానికి కారం ఎక్కువని ఆయన అభిమానులు కూడా ఒప్పుకుంటారు.

మొరెల్లి ఎప్పుడూ నెగ్గలేదు. బొర్గేసె చిత్రశాలలో ఒక స్త్రీ చిత్రం ఆయన్ని ఎంతో కాలం వేధించింది. ఎన్నోసార్లు చూశాడు, పేరు తట్టలేదు. ఒకరోజు మెరుపులాగా అది జొర్జొనె అని తోచింది. అదే ప్రకటించాడు. ఆ మాట తరువాతి పండితుల చేతిలో నిలవలేదు. తన గీటురాయిని పక్కన పెట్టి మెరుపుని నమ్మిన చోట ఆయనే జారాడు. పద్ధతి పెట్టినవాడికి కూడా ఆ పద్ధతి మినహాయింపు ఇవ్వదని దీన్నిబట్టి తెలుస్తున్నది.

1891 ఫిబ్రవరి 28న మిలాన్‌లో మొరెల్లి కన్నుమూశాడు. డెబ్బయి అయిదేళ్ళు నిండి మూడు రోజులే అయింది. పెళ్ళి చేసుకోలేదు. జీవితమంతా ఏరి కూర్చుకున్న బొమ్మలను, వందకు పైగా చిత్రాలను, బెర్గామోలోని అకాడెమియా కర్రారాకు రాసిచ్చాడు. బొత్తిచెల్లి వేసిన జూలియానో మెడిచి చిత్రం, పిసనెల్లో వేసిన లియోనెల్లో దెస్తె చిత్రం వాటిలోనివే. లండన్‌లోనో బెర్లిన్‌లోనో అమ్మితే రాజులాంటి ధర వచ్చేది. ఒక్కటి కూడా ఊరు దాటలేదు. ఇందాక బాకీ అన్నది దీని సంగతే.

ఆయన తరువాత

శిష్యుడు గుస్తావో ఫ్రిజ్జోని మిగిలిన సంపుటాన్ని 1893లో వెలువరించాడు. మొరెల్లి చనిపోయే ముందటేడు ఆయన్ని కలిసిన అమెరికన్ యువకుడు బెర్నార్డ్ బెరెన్సన్ ఆ విద్యను ప్రపంచమంతా చాటాడు. కాని బెరెన్సన్ వ్యాపారుల దగ్గర కమీషన్ తీసుకుంటూ చిత్రాలకు పేర్లు చెప్పాడు. దాంతో ఈ విద్యకే కొంత చెడ్డపేరు వచ్చింది. డబ్బు ఆశపడ్డ కన్ను ఎంత చురుకైనదైనా పూర్తిగా నమ్మదగ్గది కాదు.

మానసిక విశ్లేషణకు మూలపురుషుడైన సిగ్మండ్ ఫ్రాయిడ్, మైకెలాంజెలో శిల్పం మీద 1914లో రాసిన వ్యాసంలో ఈ లెర్మోలియెఫ్‌ను తలచుకున్నాడు. ఎవరూ లెక్కచెయ్యని చిన్న గుర్తుల నుంచి దాగిన విషయాన్ని రాబట్టటం తన పనికి దగ్గరి చుట్టమని గుర్తించాడు. మన విద్యార్థులు ఇష్టంగా చదివే షెర్లాక్ హోమ్స్ చేసే పని కూడా అదే గదా. 1979లో కార్లో గింజ్‌బర్గ్ అనే ఇటాలియన్ చరిత్రకారుడు ఈ ముగ్గురినీ ఒక వరుసలో నిలబెట్టి చూపించాడు.

కన్ను, కాగితం, కిరణం

మొరెల్లి పోయిన నాలుగేళ్ళకు, 1895లో, రాంట్‌జన్ ఎక్స్‌రే కనిపెట్టాడు. మరుసటి ఏడే చిత్రాల మీద దాన్ని ప్రయోగించి చూశారు. తరువాత పరారుణ కిరణాలు వచ్చాయి. రంగుల అడుగున చిత్రకారుడు బొగ్గుతో గీసుకున్న మొదటి గీతలు వాటికి కనిపిస్తాయి. చెక్క మీద వేసిన బొమ్మ అయితే ఆ చెక్కలో చెట్టు వలయాలు లెక్కపెట్టి, ఏ సంవత్సరానికి ముందు అది వేసివుండటానికి వీల్లేదో చెప్పగలుగుతున్నారు. రంగుకు కూడా పుట్టినతేదీ వుంది. ప్రష్యన్ నీలం 18వ శతాబ్దం మొదట్లో పుట్టింది. టైటానియం తెలుపు 20వ శతాబ్దంలో గాని వాడుకలోకి రాలేదు. 1500 నాటిదని చెప్పే బొమ్మలో, తరువాత మరమ్మతు చెయ్యని చోట అవి కనపడ్డాయంటే ఇక వాదం అక్కర్లేదు.

బోడె కథకు కూడా ఈ పరికరాలే ముగింపు పలికాయి. 1909లో ఆయన ఫ్లోరా అనే మైనపు ప్రతిమను లియొనార్డో దా విన్చీ చేసిందని నమ్మి బెర్లిన్‌కు కొన్నాడు. ఇంగ్లండులో లూకాస్ అనే శిల్పి 19వ శతాబ్దంలో చేశాడని అప్పుడే గోల పుట్టింది. బోడె ఒప్పుకోలేదు. చివరికి 2021లో ప్రచురించిన కార్బన్ పరీక్ష ఆ మైనం 19వ శతాబ్దానిదే అని తేల్చింది. నూటపన్నెండేళ్ళు పట్టింది.

మరి యంత్రం వచ్చాక కంటితో పనిలేదా? బోడె కాలంలోనే బెర్లిన్‌కు చేరిన మరొక చిత్రం దీనికి సమాధానం. బంగారు శిరస్త్రాణం పెట్టుకున్న మనిషి బొమ్మ. రెంబ్రాంట్ చిత్రాల్లో తలమానికమని పేరు. 1980ల్లో దాన్ని అణుకిరణాల పద్ధతిలో కూడా పరీక్షించి, రెంబ్రాంట్ వేసింది కాదనీ, ఆయన పరిసరాల్లోని మరొకరు వేశారనీ తేల్చారు. రంగులు ఆ కాలపువే. దొంగ బొమ్మ కాదు. గురువు వాడిన రంగే శిష్యుడూ వాడతాడు, గురువు కొన్న గుడ్డే శిష్యుడికీ దొరుకుతుంది. రంగు ఎప్పటిదో యంత్రం చెపుతుంది. కుంచె పట్టిన తీరులో తేడా గుర్తుపట్టటానికి, యంత్రం చూపినదాన్ని చదవటానికి, వెయ్యి బొమ్మలు పరకాయించి చూసిన కన్ను కావాలి. కాదు అనటం యంత్రానికి తేలిక. ఫలానావాడిది అనటం ఇప్పటికీ కష్టమే.

అందుకే నేటి చిత్రశాలల్లో రసాయనశాస్త్రం చదివినవాడు, పాత దస్తావేజులు చదివినవాడు, బొమ్మలు చదివినవాడు ఒకే బల్ల దగ్గర కూర్చుంటున్నారు. సైన్సు విద్యార్థికి కళలతో ఏం పని, ఆర్ట్సు విద్యార్థికి లేబరేటరీతో ఏం పని అనుకునేవాళ్ళు మన కాలేజీలోనూ వున్నారు. శరీరశాస్త్రం తరగతిలో ఎముకలు పోల్చటం నేర్చుకున్న మొరెల్లి, ఆ చదువును తీసుకెళ్ళి జొర్జొనె ముందు నిలబెట్టాడు. డ్రెస్డెన్‌లో ఆ వీనస్ కింద వందల మంది పండితులు పలక చదివి ముందుకు సాగిపోయారు. ఆయన పలక వదిలేసి బొమ్మని చదివాడు.